నవ్వు గీసిన ముఖం

మొన్న ఆదివారం సాయంత్రం ఆర్కే బీచ్‌లో బెలూన్లు అమ్ముతున్న జోకర్ని చూసి మా అక్క కూతురు కెవ్వుమంది. నాలుగేళ్ల పిల్ల. నా ఒళ్లోంచి దిగితే ఒట్టు. అతను పాపం నొచ్చుకుని, ఎర్ర ముక్కు తీసేసి, తువ్వాలుతో ముఖం తుడుచుకుని "నాను మడిసినే తల్లీ" అన్నాడు. పిల్ల నా భుజం మీంచి తొంగిచూసింది. ఏడుపు ఆగింది.

భయపెట్టింది మనిషి కాదు, ఆ రంగు. దీనికి సాక్ష్యం ఉంది. బ్రిటన్‌లోని సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 64 దేశాల్లో 987 మందిని అడిగి, 2023లో ఫలితాలు ప్రచురించారు. 53.5 శాతం మంది జోకర్లంటే ఎంతో కొంత భయమన్నారు. కారణాల్లో చిన్నప్పటి చేదు అనుభవం అన్నిటికన్నా అడుగున ఉంది. ముందు వరసలో ఉన్నది, రంగు మాటున అసలు మనసు కనిపించకపోవడం.

ఎదుటివాళ్లు మనవైపు వస్తుంటే మాట వినకముందే కళ్ల కొసలూ బుగ్గలూ పెదవులూ చదివేస్తాం. జోకర్ ముఖాన నవ్వు ముందే గీసి ఉంటుంది. లోపల కోపం మరుగుతున్నా ఆ గీత చెరగదు. మనిషిని బాగా పోలి ఉండి కూడా పూర్తిగా మనిషి అనిపించని రూపం మనల్ని ఇబ్బంది పెడుతుందని, రోబోల గురించి రాస్తూ జపాన్ శాస్త్రవేత్త మసాహిరో మోరి 1970లోనే అన్నాడు. మన పులివేషమూ పిల్లల్ని జడిపిస్తుంది గానీ, ఆ భయంలో తికమక లేదు. పులి పులే. తోలుబొమ్మల కేతిగాడైతే తెర మీది బొమ్మ, వాణ్ణి మనిషనుకుని ఎవరూ మోసపోరు. జోకర్ మాత్రం ఎటూ తేలడు.

హారర్ కథలకు కావలసింది ఆ తేలకపోవడమే. కత్తీ నెత్తురూ అక్కర్లేదు, చీకటి గది మూల కదలకుండా నవ్వుతూ నిలబడితే చాలు. 1986లో వచ్చిన అమెరికన్ రచయిత స్టీఫెన్ కింగ్ నవల 'ఇట్' (జోకర్ రూపంలో పిల్లల్ని వేటాడే భూతం కథ), దాని మీద తీసిన చిత్రాలు ఈ భయాన్ని ఇంటింటికీ తెచ్చిన మాట నిజం. కానీ తప్పంతా సినిమాలదే అంటే నేను ఒప్పుకోను. మా పిల్ల వాటిలో ఒక్కటీ చూడలేదు.

దీనికి రెండో వైపూ ఉంది. ఆసుపత్రుల్లో పిల్లల్ని నవ్వించే జోకర్ల మీద జరిగిన 24 అధ్యయనాలను, మొత్తం 1,612 మంది పిల్లల వివరాలను 2020లో ఒకచోట చేర్చి చూస్తే, వాళ్ల రాకతో పిల్లల్లో ఆందోళన తగ్గినట్టు తేలింది. ఈ జోకర్లలో చాలామంది ముఖమంతా తెల్లరంగు పులుముకోరు, ఎర్ర ముక్కుతో సరిపెట్టుకుంటారు.

అందుకే పుట్టినరోజు ఫంక్షన్‌లో ఏడుస్తున్న పిల్లను ఫొటో కోసం జోకర్ చేతుల్లోకి తోయకండి. వీలైతే అతను రంగు వేసుకునేటప్పుడే తీసుకెళ్లి చూపించండి.