ఎంసీబీ పడిపోతే పెద్దది వేయడం పరిష్కారం కాదు: ఏసీ, కరెంటు పనులకు మనిషిని ఎంచుకోవడంపై అపోహలు - వాస్తవాలు

"ఏసీ వేసిన అరగంటకు ఎంసీబీ పడిపోతోంది. ఏసీ మెకానిక్ వచ్చి వైరింగ్ బాగాలేదన్నారు. ఎలక్ట్రీషియన్ వచ్చి ఏసీ ఎక్కువ కరెంటు లాగుతోందన్నారు. ఎవరి మాట నమ్మాలి?"

ఎండలు ముదిరాయంటే చాలు, మాకు వచ్చే ఫోన్లలో ఎక్కువ భాగం ఈ ప్రశ్నే. (ఎంసీబీ అంటే కరెంటు మితిమీరితే తనంతట తానే పడిపోయి సరఫరా ఆపే, బోర్డులోని స్విచ్చు.) మేము ఏసీల పని, ఇంటి కరెంటు పని రెండూ చేస్తాం. అందుకే ఆ ఇద్దరి మధ్యా నలిగిపోయినవాళ్లు చివరికి మా దగ్గరికి వస్తారు. వచ్చేసరికి వాళ్లు ఇద్దరికీ డబ్బు ఇచ్చేసి ఉంటారు, సమస్య మాత్రం ఉన్నచోటే ఉంటుంది. పక్కింటివాళ్లు, బంధువులు తలా ఒక సలహా ఇచ్చి ఉంటారు. ఆ సలహాల్లో కొన్ని డబ్బును మాత్రమే పోగొడతాయి, ఒకటి మాత్రం ఇంటికే ముప్పు తెస్తుంది. ముందు దాని గురించే చెబుతాను.

అపోహ: ఎంసీబీ తరచూ పడిపోతుంటే అది చిన్నదైనట్టు. పెద్దది వేయించుకుంటే సరిపోతుంది.

వాస్తవం: ఎంసీబీ ఉన్నది ఏసీ కోసం కాదు, గోడలో ఉన్న వైరు కోసం. వైరు మోయగలిగినదానికంటే ఎక్కువ కరెంటు వెళ్తే, ఇన్సులేషన్ (వైరు మీది ప్లాస్టిక్ తొడుగు) కరగకముందే సరఫరా ఆపడం దాని పని. 2.5 చదరపు మిల్లీమీటర్ల రాగి వైరు, గోడలో పైపు గుండా వేస్తే, వేసిన తీరును బట్టి దాదాపు 20 నుంచి 24 ఆంపియర్లు మోస్తుంది. దానికి 16 లేదా 20 ఆంపియర్ల ఎంసీబీ సరిగ్గా సరిపోతుంది. అక్కడ 32 ఆంపియర్లది పెట్టారనుకోండి, 36 ఆంపియర్ల దాకా అది గంటసేపైనా కదలకుండా ఉండవచ్చు. అంటే వైరు తన శక్తికి మించి కాలుతున్నా ఆపేవాళ్లు లేరన్నమాట. పైగా కరెంటు రెట్టింపైతే వేడి రెట్టింపు కాదు, నాలుగు రెట్లవుతుంది. మామూలు పీవీసీ ఇన్సులేషన్ 70 డిగ్రీల సెల్సియస్ వరకే నిలుస్తుంది.

అసలు ఎంసీబీ ఎందుకు పడుతోంది? అది పడే సమయమే సగం జవాబు చెబుతుంది. ఎంసీబీ లోపల రెండు ఏర్పాట్లుంటాయి. వేడికి వంగే లోహపు పట్టీ ఒకటి, అయస్కాంతపు తీగచుట్ట ఒకటి. ఏసీ వేసిన క్షణంలోనే పడిపోతే తీగచుట్ట పనిచేసిందని అర్థం. షార్ట్ ఉండవచ్చు, లేదా కంప్రెసర్ మొదలయ్యేటప్పుడు లాగే కరెంటు తట్టుకోలేని రకం ఎంసీబీ పెట్టి ఉండవచ్చు. బి రకం ఎంసీబీ తన రేటింగుకు (దాని మీద రాసిన ఆంపియర్లకు) 3 నుంచి 5 రెట్ల కరెంటుకే వెంటనే పడిపోతుంది, సి రకం 5 నుంచి 10 రెట్ల వరకు ఆగుతుంది. ఇన్వర్టర్ లేని (కంప్రెసర్ వేగం మార్చుకోలేని) ఏసీకి చాలాసార్లు రేటింగ్ పెంచనక్కరలేదు, బి తీసి సి పెడితే చాలు. అలా కాక ఇరవై నిమిషాలకో గంటకో పడిపోతే అది వేడికి వంగిన పట్టీ పని. కరెంటు ఎక్కువైనా, పక్కనున్న కనెక్షన్ వేడెక్కినా ఆ పట్టీ వంగుతుంది. ఇక పడుతున్నది ఎంసీబీ కాకుండా ఆర్‌సీసీబీ (కరెంటు బయటికి కారితే పడిపోయే స్విచ్చు) అయితే కథే వేరు. కరెంటు ఎక్కడో ఎర్త్‌లోకి కారుతోందన్నమాట. అవుట్‌డోర్ యూనిట్ కనెక్షన్లలో తడి చేరిందా, కంప్రెసర్ వైండింగ్ (లోపలి మోటారు తీగచుట్ట) దెబ్బతిందా అన్నది చూడాలి. ఇళ్లలో వాడే ఆర్‌సీసీబీ సాధారణంగా 30 మిల్లీఆంపియర్లకే స్పందించేలా ఉంటుంది, ఎందుకంటే అది కాపాడేది మనిషి ప్రాణాన్ని. దాన్ని తీసేసి నేరుగా కలపమని సలహా ఇచ్చే మనిషిని ఇంట్లోకి రానివ్వకండి.

ఈ తేడాలు మీరు కంఠస్థం చేయనక్కరలేదు. ఫోన్ చేసినప్పుడు అవతలి మనిషి ఈ ప్రశ్నలు అడుగుతున్నారా లేదా గమనించండి చాలు. "వెంటనే పడుతోందా, కాసేపు ఆగి పడుతోందా? పడుతున్నది ఏ స్విచ్చు? గీజరు కూడా వేసి ఉన్నప్పుడే పడుతోందా?" అని అడిగేవాళ్లకు పని తెలుసు. ఏమీ అడగకుండా "పెద్ద ఎంసీబీ తెస్తున్నా" అన్నారంటే ఆ ఫోన్ అక్కడితో పెట్టేయండి.

ఈ మధ్య ఒంటరిగా ఉంటున్న ఒక పెద్దావిడ పిలిస్తే వెళ్లాను. మొదట ఆమె ఇంట్లో 16 ఆంపియర్ల ఎంసీబీ రోజూ మధ్యాహ్నం పడిపోయేదట. ఏసీ మనిషి వచ్చి గ్యాస్ తక్కువగా ఉందని నింపారు. ఆగలేదు. ఎలక్ట్రీషియన్ వచ్చి 32 ఆంపియర్లది వేశారు. అప్పుడు ఆగింది. కానీ రెండు వారాలు గడిచేసరికి బోర్డు దగ్గర ప్లాస్టిక్ కాలిన వాసన మొదలైంది. "బాబూ, రాత్రి నిద్రలో అంటుకుంటుందేమోనని ఏసీ ఆపేసి పడుకుంటున్నా, ఉక్కకు నిద్ర పట్టడం లేదు" అన్నారావిడ. మెయిన్ ఆపి బోర్డు విప్పితే విషయం కళ్లముందే ఉంది. ఎంసీబీ కింది టెర్మినల్‌లో వైరు చివర నల్లబడి, ఇన్సులేషన్ ఎండుటాకులా పగిలిపోయి ఉంది. మొదటినుంచీ వదులుగా ఉన్నది ఆ స్క్రూ ఒక్కటే.

వదులు కనెక్షన్ దగ్గర జరిగేది ఇది. అక్కడ అర ఓము నిరోధం ఏర్పడిందనుకుందాం. ఏసీ తీసుకునే 8 ఆంపియర్లు దాని గుండా వెళ్తే 32 వాట్ల వేడి ఒకే బిందువు దగ్గర పుడుతుంది. ఒక చిన్న సోల్డరింగ్ ఐరన్ పుట్టించే వేడి అంతే ఉంటుంది. ఆ వేడి పక్కనే ఉన్న ఎంసీబీలోని పట్టీకి తగిలి, కరెంటు మామూలుగానే ఉన్నా అది వంగి పడిపోయేది. 16 ఆంపియర్ల ఎంసీబీ ఆమెను కాపాడుతూ వచ్చింది. దాన్ని తీసి 32 పెట్టారు. పైగా కాలిన వైరు చివరను కత్తిరించకుండా అలాగే కొత్తదాంట్లో దూర్చారు. వేడి ఆగలేదు, హెచ్చరిక మాత్రం ఆగిపోయింది. వదులు కనెక్షన్ వల్ల కరెంటు పెరగదు కాబట్టి దాన్ని ఎంసీబీ నేరుగా పసిగట్టలేదు, ఆర్‌సీసీబీ కూడా పసిగట్టలేదు. బోర్డు విప్పి చూసే మనిషి తప్ప దానికి వేరే మందు లేదు.

క్లాంప్ మీటర్ (వైరు చుట్టూ పట్టి కరెంటు కొలిచే సాధనం) పెట్టి చూస్తే ఏసీ 9 ఆంపియర్లు దాటి తీసుకుంటోంది. నేమ్‌ప్లేటు ప్రకారం 8 లోపే ఉండాలి. అవసరం లేకుండా గ్యాస్ నింపడంతో పీడనం పెరిగి కంప్రెసర్‌పై భారం పడింది. అంటే ఇద్దరు మనుషులు రెండు మరమ్మతులు చేశారు, రెండూ అక్కరలేనివే, రెండూ కొత్త నష్టం తెచ్చినవే. మేము చేసింది కాలిన వైరు కత్తిరించి తాజా రాగి తేల్చి బిగించడం, వైరుకు తగ్గ ఎంసీబీ పెట్టడం, అధికంగా ఉన్న గ్యాస్ వెనక్కి తీసి తూకం ప్రకారం మళ్లీ నింపడం. "ఇంక భయం లేదమ్మా, ఏసీ వేసుకుని పడుకోండి" అని చెప్పినా ఆమె బోర్డు మీద చెయ్యి పెట్టి చూసుకున్నాకే నమ్మారు. నమ్మకపోవడంలో ఆమె తప్పేమీ లేదు. అంతకుముందు ఇద్దరు అదే మాట చెప్పి వెళ్లారు మరి.

ఎంసీబీ రేటింగ్ పెంచడం సబబయ్యే సందర్భం ఒకటే. వైరు కూడా మారాలి. 2.5 బదులు 4 చదరపు మిల్లీమీటర్ల వైరు బోర్డు నుంచి ఏసీ పాయింటు దాకా కొత్తగా లాగితే, అప్పుడు ఎంసీబీ మార్చడంలో అర్థముంది. "వైరు ఎంత సైజు?" అని అడగకుండా, బోర్డు విప్పి చూడకుండా ఎంసీబీ మార్చేవాళ్లను ఆపండి. వాళ్లు విసుక్కుంటే విసుక్కోనివ్వండి.

గ్యాస్ సంగతి. "ఏటా గ్యాస్ నింపించుకోవాలి" అన్న పుకారు ఎవరు పుట్టించారో గానీ జనం దాన్ని నమ్మి ఏటా డబ్బు పోస్తున్నారు. ఏసీలో గ్యాస్ ఖర్చయ్యేది కాదు. మూసి ఉన్న గొట్టాల్లో అదే గ్యాస్ తిరుగుతూ ఉంటుంది. తగ్గిందంటే ఎక్కడో కారుతోంది. కారే చోటు చూపించకుండా నింపితే అది మళ్లీ పోతుంది. చల్లదనం తగ్గడానికి, ఇండోర్ కాయిల్ మీద మంచు పట్టడానికి ఫిల్టరు మూసుకుపోవడం కూడా కారణమే. ముందు అది కడిగారా అని అడగండి. నిజంగానే లీకు ఉంటే నైట్రోజన్‌తో పీడన పరీక్ష చేయాలి, లీకు మూయాలి, వాక్యూమ్ పంపుతో లోపలి గాలి, తేమ లాగేయాలి, తర్వాత అవుట్‌డోర్ యూనిట్ ప్లేటు మీద రాసి ఉన్న బరువు ప్రకారం తూకం వేసి నింపాలి. గ్యాస్ రకం ఆర్-410ఏ అయితే అది రెండు గ్యాసుల మిశ్రమం కాబట్టి ద్రవరూపంలోనే నింపాలి. ఆర్-32 కొద్దిగా మండే గుణం ఉన్నది, దాని దగ్గర మంటతో ఆటలు పనికిరావు. తూకం యంత్రం, వాక్యూమ్ పంపు లేకుండా సిలిండర్ ఒక్కటే భుజాన వేసుకుని వచ్చినవాళ్లు ఏం చేయబోతున్నారో మీకే అర్థమవుతుంది.

"కంప్రెసర్ పోయింది" అన్న మాట వినగానే చాలామంది గుండె జారిపోతుంది. కొంచెం ఆగండి. ఇన్వర్టర్ లేని ఏసీల్లో కంప్రెసర్ గుర్రుమని ఆగిపోతుంటే ముందు అనుమానించాల్సింది కెపాసిటర్‌ను, అంటే కంప్రెసర్ మొదలవడానికి ఊతమిచ్చే చిన్న డబ్బాను. దాని మీద మైక్రోఫారడ్లలో విలువ రాసి ఉంటుంది. మీటరు పెట్టి కొలిస్తే అది తగ్గిందో లేదో నిమిషంలో తెలుస్తుంది. కెపాసిటర్ బాగానే ఉంటే వైండింగ్ నిరోధం, ఆ తర్వాత మెగ్గర్‌తో (ఇన్సులేషన్ కొలిచే మీటరుతో) ఇన్సులేషన్ కొలవాలి. ఈ మూడు రీడింగులూ రాసి చూపించమనండి. చూపించకుండా కంప్రెసర్ మార్చేందుకు ఒప్పుకోవద్దు. కెపాసిటర్‌ను మాత్రం మీరు ముట్టుకోకండి. కరెంటు ఆపినా దాంట్లో చార్జి నిలిచి ఉంటుంది.

స్టెబిలైజర్ పెట్టుకుంటే వోల్టేజి గొడవలన్నీ తీరతాయన్నది మరో నమ్మకం. సరఫరాలోనే హెచ్చుతగ్గులుంటే అది పనికొస్తుంది. ఇంటి లోపలి వదులు కనెక్షన్‌కు దానితో ఉపయోగం లేదు. ముఖ్యంగా ఒకటి గుర్తుంచుకోండి. ఏసీ వేయగానే ఒక గదిలో లైట్లు మందగించి, మరో గదిలో ఎక్కువ కాంతితో వెలిగితే న్యూట్రల్ (కరెంటు తిరిగి వెళ్లే వైరు) వదులైందని అనుమానించాలి. మూడు ఫేజుల సరఫరా ఉన్న ఇంట్లో న్యూట్రల్ తెగితే 230 వోల్టులు ఉండాల్సిన చోట 400కు దగ్గరగా వెళ్లే ప్రమాదముంది. అది కనిపించిన వెంటనే మెయిన్ ఆపేసి మనిషిని పిలవండి, స్టెబిలైజర్ కోసం వెతకకండి.

ఇక రెండు పనులూ ఒకే సంస్థకు ఇవ్వాలా, వేరువేరుగానా? దీనిపై రెండు వైపులా అపోహలున్నాయి. రెండూ చేస్తామని బోర్డు పెట్టుకున్నంత మాత్రాన వచ్చే మనిషికి రెండూ తెలుసని కాదు. చాలా దేశాల్లో కరెంటు పనికి లైసెన్సు వేరు, ఏసీ గ్యాసును ముట్టుకోవడానికి ధ్రువపత్రం వేరు. ఒకటి ఉంటే రెండోది ఉన్నట్టు కాదు. కాబట్టి సంస్థ పేరు అడగడంతో ఆగకండి, మా ఇంటికి వచ్చేది ఎవరు, వాళ్ల దగ్గర ఏ పత్రముంది అని అడగండి. అలాగని రెండూ చేసేవాళ్లందరూ దేనిలోనూ నిలకడ లేనివాళ్లన్న మాటా నిజం కాదు. ఎంసీబీ పడటం, వాసన రావడం, ఏసీ మొరాయించడం లాంటి సరిహద్దు సమస్యల్లో ఒకే చేతికి ఇవ్వడమే మేలని నా అభిప్రాయం, తప్పు మరొకరి మీదికి నెట్టే వీలుండదు. ఇల్లంతా కొత్తగా వైరింగ్ చేయించుకోవాలన్నా, ఏసీ కాయిల్ మార్చాలన్నా ఆ పనిలోనే చేయి తిరిగినవాళ్లను వేరుగా పిలిస్తే నష్టమేమీ లేదు.

ఎస్టిమేట్ కాగితం మీద తీసుకోండి. దానిలో వైరు సైజు, ఎంసీబీ రకం, రేటింగ్, నింపబోయే గ్యాస్ పేరు, బరువు ఉండాలి. "మెటీరియల్, లేబర్" అని రెండు ముక్కలు రాసి ఇస్తే దానితో ఎవరినీ నిలదీయలేరు. తక్కువ మొత్తం చెప్పిన కాగితాన్ని తీసి పారేయనక్కరలేదు, దానిలో ఏ పని లేదో చూడండి. చాలాసార్లు లేనిది వాక్యూమ్ పని, ఎర్త్ పరీక్ష.

పని అయ్యాక వాళ్లను వెంటనే పంపేయకండి. ఏసీని గంటసేపు నడిపించి, వోల్టేజి ఎంతుంది, ఏసీ ఎంత కరెంటు తీసుకుంటోంది, ఇండోర్ యూనిట్‌లోకి వెళ్లే గాలికీ బయటికి వచ్చే గాలికీ ఎన్ని డిగ్రీల తేడా ఉంది అన్నవి కొలిపించండి. టెర్మినళ్లు వేడెక్కాయేమో ఇన్‌ఫ్రారెడ్ థర్మామీటరుతో చూడమనండి. ఆ అంకెలన్నీ తేదీతో ఒక కాగితం మీద రాయించి బోర్డు తలుపు లోపలివైపు అతికించండి. వచ్చే ఏడాది ఎవరు వచ్చినా, ముందు ఆ కాగితం చూసి పోల్చాకే స్క్రూడ్రైవర్ తీయమనండి.