పాత విండోస్‌కి అప్‌డేట్లు ఎందుకు ఎక్కడం లేదు?

విండోస్ 10కి 2025 అక్టోబర్ 14తో మామూలు సపోర్ట్ అయిపోవడంతో ఒడిశాలోని బరంపురం, పర్లాకిమిడి డీటీపీ షాపుల్లో పాత తగువు మళ్లీ మొదలైంది. ఈ షాపుల్లో ఇంకా విండోస్ 7 నడుస్తోంది. దానికి అప్‌డేట్లు ఎక్కవు, సిస్టం మార్చేయండి అంటారు మెకానిక్కులు. పేజీలు అమర్చే పేజ్‌మేకర్, తెలుగుకి అను ఫాంట్లు, ఒడియాకి ఆకృతి అన్నీ అందులోనే కుదురుకున్నాయి, పెళ్లిళ్ల సీజన్‌లో కదిపితే శుభలేఖలు ఎలా ఇస్తాం అంటారు షాపువాళ్లు.

విండోస్ 7 సపోర్ట్ 2020 జనవరి 14న పోయిందని అందరికీ తెలుసు. అసలు మెలిక అంతకు ముందే, 2019లో పడింది.

ప్రతి అప్‌డేట్ మీదా మైక్రోసాఫ్ట్ డిజిటల్ సంతకం ఉంటుంది. అది సరిపోతేనే కంప్యూటర్ దాన్ని లోపలికి రానిస్తుంది. ఆ సంతకం కోసం ఫైలుకి వేలిముద్ర లాంటి గుర్తు తీసే లెక్క ఒకటి ఉంటుంది. అప్పట్లో అందుకు వాడిన షా-1 అనే పద్ధతిని నమ్మలేమని 2017 ఫిబ్రవరిలో తేలిపోయింది. ఆమ్‌స్టర్‌డామ్‌లోని సీడబ్ల్యూఐ అనే పరిశోధన సంస్థ, గూగుల్ పరిశోధకులు రెండు వేర్వేరు పీడీఎఫ్‌లకు ఒకే షా-1 ముద్ర వచ్చేలా చేసి చూపించారు. మైక్రోసాఫ్ట్ 2019లో అంతకన్నా గట్టిదైన షా-2కి మారిపోయింది. కొత్త సంతకాన్ని చదివే ప్యాచ్‌ని, అంటే చిన్న సవరణ ఫైలుని, ఆ మార్చిలోనే ఇచ్చింది. ఎప్పటికప్పుడు అప్‌డేట్ చేసుకున్నవాళ్లకు ఈ మార్పు తెలియనే లేదు.

దెబ్బ తిన్నది ఆ తర్వాత ఫార్మాట్ చేయించుకున్నవాళ్లు. పాత డిస్కుతో ఎక్కించిన విండోస్ 7కి ఆ సంతకం చదవడం రాదు. పర్లాకిమిడిలో ఒక షాపులో నా కళ్లముందే అప్‌డేట్ విండోలో ఆకుపచ్చ గీత అటూ ఇటూ చాలాసేపు తిరిగి, ఎర్ర గుర్తు పడి, 80092004 అనే ఎర్రర్ నంబరు చూపించి ఆగిపోయింది. సిస్టం పాడైందేమోనని ఆ యజమానికి ఒకటే టెన్షన్. సిస్టంలో ఏ లోపమూ లేదు.

ఇది చిన్న విషయం కాదు. 2017 మే 12న విరుచుకుపడి, ఆంధ్రప్రదేశ్ పోలీసు కంప్యూటర్లను కూడా పట్టుకున్న వానాక్రై (ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే వైరస్) దూరిన కన్నానికి ప్యాచ్ ఆ మార్చి 14నే వచ్చింది. ఫార్మాట్‌తో ఆ ప్యాచ్ కూడా పోతుంది, మూసిన కన్నం మళ్లీ తెరుచుకుంటుంది.

2020 తర్వాత దొరికిన లోపాలకు మందు లేదన్న మెకానిక్కుల మాట నిజమే. అందుకే ఆ సిస్టంకి నెట్ కేబుల్ పీకేయాలి. కానీ 2020 వరకు వచ్చిన ప్యాచ్‌లు ఇప్పటికీ ఎక్కుతాయి. ముందు సర్వీస్ ప్యాక్ 1, తర్వాత కేబీ4490628 నంబరు ప్యాచ్, ఆపైన కేబీ4474419. మైక్రోసాఫ్ట్ అప్‌డేట్ క్యాటలాగ్ నుంచి వేరే సిస్టంలో దించుకుని, పెన్‌డ్రైవ్‌తో ఇదే వరుసలో వేయాలి. పర్లాకిమిడి షాపులో అలా వేసి రీస్టార్ట్ చేశాక, ఆగిపోయిన అప్‌డేట్లు ఒక్కొక్కటీ ఎక్కడం మొదలుపెట్టాయి.