వేళ్లతో చదివేవారికీ డిస్లెక్సియా

1896 నవంబరులో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో ప్రింగిల్ మోర్గన్ అనే డాక్టరు ఒక పద్నాలుగేళ్ల కుర్రాడి గురించి రాశాడు. పేరు పెర్సీ. చురుకైనవాడు, ఆటల్లో ఎవరికీ తీసిపోడు, బీజగణితం లెక్క ఇస్తే చేసేస్తాడు. ఏడేళ్ల వయసు నుంచీ చదువు చెప్పిస్తున్నా చిన్న చిన్న మాటలు తప్ప చదవలేడు. తన పేరునే 'ప్రెసీ' అని రాశాడు. తప్పుందని ఒకటికి రెండుసార్లు చెబితేగానీ చూసుకోలేదు. పాఠాలన్నీ నోటితోనే చెప్పేటట్టయితే బడి మొత్తానికి వీడే తెలివైనవాడని వాళ్ల మాస్టారు అన్నాడట. ఈ ఇబ్బందికి మోర్గన్ వాడిన పేరు 'పుట్టుకతో వచ్చిన పదాంధత్వం', అంటే చూపున్నా మాటలు చదవలేకపోవడం.

పదాంధత్వం అన్న మాట అప్పటికే ఉంది. మెదడు దెబ్బతిని చదువు మర్చిపోయినవాళ్ల గురించి 1877లో జర్మన్ వైద్యుడు కుస్మౌల్ వాడాడు. పదేళ్ల తర్వాత, చదవడంలో ఇబ్బందికి ఇప్పుడు మనం వాడే 'డిస్లెక్సియా' అన్న పేరును ప్రచారంలోకి తెచ్చిన రుడాల్ఫ్ బెర్లిన్ స్టుట్‌గార్ట్‌లో కంటి డాక్టరు. దీని మీద పుస్తకమే రాసిన హిన్షెల్‌వుడ్ గ్లాస్గోలో కంటి డాక్టరు. చదవలేకపోతే ఎవరైనా ముందు వెళ్లేది కంటి ఆసుపత్రికే కదా! కళ్లు బాగానే ఉన్నాయి, ఇబ్బంది మెదడులో ఉందని ఈ డాక్టర్లే చెప్పారు. కానీ పేరులో 'అంధత్వం' ఉండిపోయింది, దాంతోపాటు లోపం కళ్లదేనేమో అన్న అనుమానమూ మిగిలింది.

ఆ అనుమానాన్ని పరీక్షించి చూసినవాళ్లు ఉన్నారు. 1970లలో అమెరికాలో వెల్యుటినో అనే పరిశోధకుడు, హీబ్రూ అసలు రాని పిల్లలకు హీబ్రూ అక్షరాలు చూపించి, తీసేసి, గుర్తున్నది రాయమన్నాడు. డిస్లెక్సియా ఉన్నవాళ్లూ లేనివాళ్లూ సమానంగా రాశారు. చూపు, చూసినదాన్ని గుర్తుపెట్టుకోవడం రెండూ సరిగానే ఉన్నాయన్నమాట. ఇంగ్లండులోని బ్రిస్టల్ ప్రాంతంలో 5,800 మందికి పైగా పిల్లల కళ్లు పరీక్షించి, ఫలితాలను 2015లో ప్రచురించారు. చదవడంలో తీవ్రమైన ఇబ్బంది ఉన్నవాళ్లలో ప్రతి ఐదుగురిలో నలుగురికి దాదాపు అన్ని కంటి పరీక్షల్లోనూ ఏ తేడా కనబడలేదు.

చాలామంది విషయంలో అసలు చిక్కు శబ్దం దగ్గర. 'గాజు'లో 'గా' తీసేసి 'బూ' పెడితే ఏమవుతుంది? 'బూజు' అని చటుక్కున చెప్పడానికి మాటను మనసులోనే ముక్కలు చేసి మళ్లీ అతకాలి. ఆ పని తేలిగ్గా జరగని పిల్లలకు, ఏ శబ్దానికి ఏ అక్షరమో జతపడటం ఆలస్యమవుతుంది.

ఇంగ్లిష్ 'బీ' (b), 'డీ' (d) తారుమారు చేస్తే డిస్లెక్సియా అని మనవాళ్లూ ఒక కొండగుర్తు పెట్టుకున్నారు. నాకైతే దాని మీద నమ్మకం లేదు. చదువు మొదలుపెట్టిన పిల్లలు చాలామంది ఆ పొరపాటు చేస్తారు. కప్పు చెవి కుడివైపున్నా ఎడమవైపున్నా అది కప్పే అని నేర్చుకున్న మెదడు, అక్షరం దగ్గరికొచ్చేసరికి ఆ అలవాటు మానుకోవాలి. పైగా తెలుగులో అద్దంలో తిరగేసినట్టుండే అక్షరాల జంటలు లేవనే చెప్పాలి. మనకున్నవి ప–వ, మ–య, ఘ–ఝ లాంటి పోలికలు.

విచిత్రంగా, చూపులేనివాళ్లు వేళ్లతో తడిమి చదివే తెలుగు బ్రెయిలీలో అలాంటి జంటలున్నాయి. ఆరు చుక్కల గడిలో 'జ'ను తిరగేస్తే 'హ', 'ఇ'ని తిరగేస్తే 'ఏ'. అంటే కళ్లతో పనే లేకుండా వేలికొసన కూడా తారుమారయ్యే అవకాశం ఉంది.

చూపులేని పిల్లలకూ డిస్లెక్సియా ఉంటుందా? ఉంటుందనే ఆధారాలు చెబుతున్నాయి. బెల్జియంలో బ్రెయిలీ బాగా నెమ్మదిగా చదివేవాళ్లను పరిశీలిస్తే, వాళ్లలోనూ శబ్దాలను విడదీసే దగ్గరే బలహీనత కనిపించింది. పుట్టుకతో చూపులేనివాళ్లు బ్రెయిలీ చదువుతున్నప్పుడు మెదడును స్కాన్ చేస్తే, మనం అచ్చు చదివేటప్పుడు పనిచేసే ఎడమవైపు భాగమే వాళ్లలోనూ పనిచేస్తున్నట్టు 2011లో బయటపడింది. 2000లో వైద్య పత్రికలో వచ్చిన ఇంకో ఉదంతం నన్ను మరీ ఆశ్చర్యపరిచింది. పుట్టుకతో చూపులేని 63 ఏళ్ల మహిళ, బ్రెయిలీ గడగడా చదివేవారు. స్ట్రోక్ వచ్చి మెదడు వెనుక భాగం రెండువైపులా దెబ్బతింది. మామూలుగా చూపు కోసం పనిచేసే భాగం అది. ఆమె స్పర్శ పోలేదు, చదువు మాత్రం పోయింది.

పిల్లల కళ్లు పరీక్ష చేయించవద్దని కాదు. అద్దాలు అవసరమైతే పెట్టించాల్సిందే. రంగు అద్దాలతో, కంటి వ్యాయామాలతో డిస్లెక్సియా తగ్గుతుందంటే మాత్రం డబ్బు తియ్యకండి. వాటికి తగిన ఆధారం లేదని అమెరికా కంటి వైద్యుల, పిల్లల వైద్యుల సంఘాలు 2009లోనే కలిసి ప్రకటించాయి.

నాకు ఎక్కువ బెంగ బ్రెయిలీ పిల్లల గురించే. చూపున్న పిల్లవాడు చదవలేకపోతే కళ్ల మీద అనుమానపడతాం. చూపులేని పిల్లవాడు నెమ్మదిగా చదివితే ఎవరికీ అనుమానమే రాదు, 'పాపం, కనబడదు కదా' అని ఊరుకుంటాం. మన 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టంలోని 21 వైకల్యాల్లో అంధత్వమూ ఉంది, డిస్లెక్సియా చేరే అభ్యసన వైకల్యమూ ఉంది. ఒకే పిల్లవాడికి రెండూ ఉండొచ్చు. 'గాజు'ను 'బూజు' చెయ్యమని అడగడానికి పుస్తకం అక్కర్లేదు, చూపూ అక్కర్లేదు.