ఇంటి ల్యాప్‌టాప్‌లో మెయిన్‌ఫ్రేమ్: అపోహలు - వాస్తవాలు

అనంతపురంలో డిగ్రీ పిల్లలు నన్ను తరచూ అడిగేది ఇదే: "అన్నా, మెయిన్‌ఫ్రేమ్ నేర్చుకోవాలంటే బెంగళూరుకో అమీర్‌పేటకో పోవాల్సిందేనా?" మెయిన్‌ఫ్రేమ్ అంటే బ్యాంకుల్లాంటి పెద్ద సంస్థలు వాడే పెద్ద కంప్యూటర్. నేర్చుకోవడం మొదలుపెట్టడానికైతే పోనక్కర్లేదు.

అపోహ: పెద్ద మిషను లేకుంటే కుదరదు.
రోజర్ బౌలర్ 1999లో మొదలుపెట్టిన హెర్క్యులిస్ ఉచిత ఎమ్యులేటర్, అంటే మెయిన్‌ఫ్రేమ్‌ను మీ పీసీలో అనుకరించే ప్రోగ్రాము. దాని మీద ఐబీఎం పాత మెయిన్‌ఫ్రేమ్ ఆపరేటింగ్ సిస్టమ్ ఎంవీఎస్ 3.8 వేసుకోవచ్చు. 24 బిట్ల అడ్రసుల కాలపు సిస్టమ్ కాబట్టి ఒక్కో అడ్రస్ స్పేస్ (ఒక జాబ్‌కు కనిపించే మెమరీ) 16 మెగాబైట్లే. పాత ల్యాప్‌టాప్ కూడా సులువుగా మోస్తుంది.

అపోహ: పీసీ కోబాల్‌లో (కోబాల్ అంటే వ్యాపార లెక్కలకు వాడే ప్రోగ్రామింగ్ భాష) నడిచిందంటే మెయిన్‌ఫ్రేమ్‌లోనూ నడుస్తుంది.
ఎక్కువ మంది దెబ్బతినేది ఇక్కడే. పీసీలో వాడే ఉచిత గ్నూకోబాల్ మంచి కంపైలరే, కానీ అది నడిచేది మీ పీసీ ప్రాసెసర్ మీద. కాంప్-3 ఫీల్డులో (బైటుకు రెండేసి అంకెలు కుదించి పెట్టే రకం) అంకెల బదులు ఖాళీలు పడ్డాయనుకోండి. ఖాళీ అంటే ఎబ్సిడిక్‌లో, అంటే మెయిన్‌ఫ్రేమ్ అక్షరాల కోడ్‌లో, హెక్స్ 40. చివరి సగం బైటులో ఉండాల్సిన ప్లస్/మైనస్ గుర్తు చోట సున్నా కూర్చుంటుంది. మెయిన్‌ఫ్రేమ్‌లో దాన్ని కూడబోతే ఎస్0సీ7 అబెండ్, అంటే డేటా తప్పని ప్రోగ్రాము మధ్యలోనే ఆగిపోతుంది. పీసీలో చాలాసార్లు చప్పుడు లేకుండా దాటిపోతుంది. హెర్క్యులిస్ మెయిన్‌ఫ్రేమ్ ఇన్‌స్ట్రక్షన్లనే అనుకరిస్తుంది కాబట్టి అక్కడా ఎస్0సీ7 వస్తుంది. రావాలి కూడా!

సార్ట్ క్రమమూ అంతే. కే12, 512 అనే రెండు కోడ్లుంటే పీసీలో 512 ముందు, ఎబ్సిడిక్‌లో అక్షరాలే ముందు. రెండు ఫైళ్లను పోల్చే ప్రోగ్రాము ఈ ఒక్క తేడాతో తప్పుడు లెక్క ఇవ్వొచ్చు.

అపోహ: ఎంవీఎస్ 3.8 వస్తే ఉద్యోగానికి చాలు.
చాలదు. జేసీఎల్ (జాబ్‌ను ఎలా నడపాలో చెప్పే భాష), డేటాసెట్లు (ఫైళ్లు), స్పూల్ (జాబ్ అవుట్‌పుట్) చూడటం, డంప్ (ఆగినప్పటి మెమరీ నకలు) చదవడం గట్టిగా వస్తాయి. కానీ అందులోని కోబాల్‌కు ఎండ్-ఇఫ్ (ఇఫ్ ఎక్కడ ముగుస్తుందో చెప్పే పదం) కూడా తెలియదు, డీబీ2 (ఐబీఎం డేటాబేస్) లేదు. ఇప్పటి మెయిన్‌ఫ్రేమ్ ఆపరేటింగ్ సిస్టమ్ జెడ్/ఓఎస్ కోసం ఐబీఎం జెడ్ ఎక్స్‌ప్లోర్ అనే ఆన్‌లైన్ కోర్సులో చేరండి, ఉచితమే.

అపోహ: జెడ్/ఓఎస్ కాపీ దొరికితే హెర్క్యులిస్‌లో వేసుకోవచ్చు.
లైసెన్సు ఒప్పుకోదు. దయచేసి అలాంటి కాపీల జోలికి పోకండి. సంస్థలకు ఐబీఎం వారి జెడ్‌డీ అండ్ టీ (డెవలప్‌మెంట్, టెస్టింగ్ కోసం ఇచ్చే ఎమ్యులేటర్) ఉంది, మామూలు ఇంటెల్ లినక్స్ సర్వర్ మీద నడుస్తుంది. దాంట్లోనూ ప్రొడక్షన్ పని, స్పీడ్ పరీక్షలు చేయకూడదు. అక్కడ జాబ్‌కు పట్టిన సమయం అసలు మిషను గురించి ఏమీ చెప్పదు.

డెస్క్‌టాప్ వాడేవాళ్లు యూపీఎస్ పెట్టుకోండి. ఎండాకాలం కరెంటు సంగతి తెలిసిందే, రాస్తుండగా ఆగితే డిస్క్ ఫైలు పాడవొచ్చు. పని అయ్యాక ముందు జేఈఎస్2ను (ఎంవీఎస్‌లో జాబ్‌లను వరుసలో పెట్టి నడిపించే భాగం) ఆపి, ఆ తర్వాతే హెర్క్యులిస్ మూయండి.