హైచెంగ్‌లో హెచ్చరించింది పాములేనా?

పెద్ద భూకంపం వచ్చిన ప్రతిసారీ, అంతకు కొద్దిసేపటి ముందే కుక్కలు బెదిరిపోయిన, పక్షులు గుంపుగా లేచిపోయిన దృశ్యాలు ప్రచారంలోకి వస్తాయి, జంతువుల ఆధారంగా హెచ్చరిక వ్యవస్థను ఎందుకు నెలకొల్పరన్న వాదం మళ్లీ మొదలవుతుంది. ప్రాచీన గ్రీకుల కాలం నుంచీ ఉన్న ఈ నమ్మకానికి ప్రభుత్వ స్థాయిలో గౌరవం తెచ్చిపెట్టింది మాత్రం 1975 ఫిబ్రవరి 4న ఈశాన్య చైనాలోని హైచెంగ్ భూకంపం. నేటి వాదమంతా ఆ ఒక్క ఘటనను ఎలా అర్థం చేసుకున్నామన్న దాని మీదే నిలిచి ఉంది.

నడి చలికాలంలో పాములు కలుగుల్లోంచి బయటికొచ్చి మంచులో గడ్డకట్టి చనిపోయాయని, ఆ సమాచారం అందుకున్న అధికారులు జనాన్ని ఇళ్లు ఖాళీ చేయించారని, 7.3 తీవ్రతతో భూమి కంపించినా వేలాది ప్రాణాలు దక్కాయని ప్రపంచం విన్నది. మరుసటి ఏడాదే అమెరికా భూగర్భ సర్వే సంస్థ జంతువుల అసాధారణ ప్రవర్తనపై శాస్త్రవేత్తల సదస్సును ఏర్పాటు చేసింది.

పాములు బయటికి రావడం కట్టుకథ కాదు. అయితే నాటి చైనా రికార్డులను పరిశీలించి భూకంప పరిశోధకుడు కెలిన్ వాంగ్ బృందం 2006లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, జనాన్ని కదిలించడంలో ప్రధాన పాత్ర పూర్వ ప్రకంపనలదే. ప్రధాన భూకంపానికి ముందు రోజు నుంచి వందల సంఖ్యలో చిన్న ప్రకంపనలు వచ్చాయి, వాటిలో కొన్నింటిని జనం స్వయంగా అనుభవించారు. ఖాళీ చేయించడం కూడా అన్నిచోట్లా ఒకేలా జరగలేదు. యింగ్‌కౌ ప్రాంతంలో స్థానిక అధికారులు గట్టిగా పట్టుబట్టగా, మరికొన్ని చోట్ల జనం తమంతట తామే బయటికొచ్చారు. ఇంత జరిగినా సుమారు 2,000 మంది చనిపోయారు. 1976 జులై 28న చైనాలోనే తాంగ్‌షాన్ నగరాన్ని భూకంపం కుదిపేసినప్పుడు అలాంటి పూర్వ ప్రకంపనలు రాలేదు, ముందస్తు హెచ్చరికా వెలువడలేదు. అధికారిక లెక్క ప్రకారమే 2,42,000 మందికి పైగా మరణించారు. జంతువుల వింత ప్రవర్తన గురించిన కథనాలు అక్కడా వచ్చాయి, కానీ వాటిలో చాలావరకు విధ్వంసం తర్వాత సేకరించినవే. ఈ రెండు నగరాలనూ పక్కపక్కన పెట్టి చూడకుండా హైచెంగ్‌ను మాత్రమే ఉదహరించడం న్యాయం కాదు.

పూర్వ ప్రకంపనల ప్రశ్న ఆ తర్వాతి అధ్యయనాలనూ వదల్లేదు. 2009 ఏప్రిల్ 6న ఇటలీలోని లాక్విలాలో భూకంపం రావడానికి ఐదు రోజుల ముందు, 74 కిలోమీటర్ల దూరంలోని ఒక సరస్సు దగ్గర మగ కప్పల్లో 96 శాతం కనిపించకుండా పోయాయని జీవశాస్త్రవేత్త రేచెల్ గ్రాంట్ నమోదు చేశారు. అయితే లాక్విలా ప్రాంతం అప్పటికే నెలల తరబడి చిన్న ప్రకంపనలతో కదులుతూ ఉంది. హైకో వోయిత్ బృందం 160 భూకంపాలకు సంబంధించిన 700కు పైగా పరిశీలనలను 2018లో సమీక్షించి, వాటిలో అధిక భాగం ఒక్కసారి చూసి చెప్పినవేనని, కాలం, దూరం దృష్ట్యా అవి పూర్వ ప్రకంపనల తీరుతో సరిపోలుతున్నాయని తేల్చింది. భూకంపానికి కొన్ని సెకన్ల ముందు కుక్క మొరిగిందంటే, వేగంగా వచ్చే తొలి తరంగాన్ని అది పసిగట్టి ఉండవచ్చు. అప్పటికి భూకంపం మొదలైపోయినట్టే.

మార్టిన్ వికెల్‌స్కీ బృందం 2020లో వెలువరించిన ఫలితాలు వీటన్నిటికన్నా బలమైనవి, ఎందుకంటే అక్కడ ఆవులు, గొర్రెలు, కుక్కల కదలికలను నమోదు చేసింది వాటి మెడకు కట్టిన పరికరాలు, మనుషుల జ్ఞాపకం కాదు. ప్రకంపన కేంద్రం ఎంత దగ్గరగా ఉంటే జంతువులు అంత ముందుగా, 1 నుంచి 20 గంటల ముందే, అలజడి చూపాయని ఆ బృందం చెబుతోంది. కానీ అది ఒకే ఒక పశువులశాలలో, 2016లో మధ్య ఇటలీని కుదిపిన భూకంపాల పరంపర సాగుతుండగా చేసిన పరిశీలన. ఎక్కువ జంతువులతో, ఎక్కువ కాలం, వేర్వేరు భూకంప మండలాల్లో ఈ పని జరగాలని ఆ శాస్త్రవేత్తలే కోరుతున్నారు. భూమి నిశ్చలంగా ఉన్న ఏళ్లలో ఆ మందలు ఎన్నిసార్లు ఊరికే బెదురుతాయో లెక్కించడం కూడా ఆ పనిలో భాగమే కావాలి.