తూటా దిగని ఒంటికి గురి ఎక్కడ?

హెల్‌డైవర్స్ 2 అనే వీడియో గేమ్‌లో చార్జర్ అనే పురుగు ఒకటి ఉంటుంది. పురుగు అన్నది పేరుకే, ఆకారం మాత్రం ఏనుగుకు తీసిపోదు. తల, భుజాలు, కాళ్లు దట్టమైన పెంకుతో కప్పి ఉంటాయి. మనిషి కనబడగానే తల వంచుకుని మీదికి ఉరుకుతుంది. కొత్తగా ఆడేవారు ఆ సమయంలో చేసే పని ఒక్కటే: ట్రిగ్గర్ మీద వేలు తీయకుండా మ్యాగజైన్ మొత్తం దాని మొహాన ఖాళీ చేయడం. నిప్పురవ్వలు లేస్తాయి. తూటాలు పెంకు మీద జారి ఎటో ఎగిరిపోతాయి. అలా ఎగిరిన తూటా ఒక్కోసారి కాల్చినవాడికే వచ్చి తగులుతుంది. చార్జర్‌కు మాత్రం చీమ కుట్టినట్టు కూడా ఉండదు.

స్టాక్‌హోమ్‌లోని ఆరోహెడ్ గేమ్ స్టూడియోస్ తయారుచేసిన ఈ ఆటను సోనీ సంస్థ 2024 ఫిబ్రవరిలో విడుదల చేసింది. నలుగురి వరకు జట్టు కట్టి ఏదో ఒక గ్రహం మీద దిగాలి. పురుగులతోనో యంత్రాలతోనో పోరాడి పని ముగించుకుని బయటపడాలి. కాల్పుల ఆటలు లెక్కలేనన్ని ఉన్నా, కవచాన్ని ఇంత పట్టింపుగా, అసలైన ఉక్కు ప్రవర్తనకు ఇంత దగ్గరగా తీసుకున్నవి తక్కువ. ఇందులో గెలవడానికి పనికొచ్చే కిటుకుల్లో చాలా వాటి వెనుక ఇంటర్మీడియట్ భౌతికశాస్త్రమే ఉంది.

ముందుగా కవచం లెక్క ఎలా ఉంటుందో చూడాలి, ఎందుకంటే అన్ని ఆటల్లోనూ అది ఒకటి కాదు. మన దగ్గర ఎక్కువ మంది ఎరిగిన బీజీఎంఐ (బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా) ఆటలో మూడో స్థాయి వెస్టు, అంటే ఛాతీ కవచం, వేసుకుంటే తగిలిన దెబ్బలో 55 శాతం తగ్గుతుంది. 40 పాయింట్ల దెబ్బ 18 అవుతుంది. ఆ కవచం జల్లెడలాంటిది. ఏ తూటా తగిలినా ఎంతో కొంత కిందికి రాలుతూనే ఉంటుంది కాబట్టి ఓపిగ్గా కాలుస్తూ పోతే ఎదుటివాడు ఎప్పటికైనా పడతాడు. కౌంటర్-స్ట్రైక్‌లోనూ శాతాల లెక్కే, కానీ అక్కడ శాతం తుపాకీని బట్టి మారుతుంది. ఏకే-47 దెబ్బ విలువ 36, తలకు తగిలితే నాలుగు రెట్లు, హెల్మెట్ ఉంటే అందులో 77.5 శాతం లోపలికి దిగుతుంది. గుణించి చూస్తే 111. ఆటగాడి ప్రాణం 100 కాబట్టి ఒక్క తూటాతో సరి. ఎం4ఏ4 దెబ్బ 33, హెల్మెట్ దాటేది 70 శాతం. అదే లెక్క వేస్తే 92 వస్తుంది. ఆ మిగిలిన ఎనిమిది పాయింట్లతో ప్రాణం నిలుపుకున్నవాడు తిరిగి కాల్చి రౌండు గెలిచిన సందర్భాలు ఆ ఆట ఆడేవారందరి జ్ఞాపకాల్లోనూ ఉంటాయి.

హెల్‌డైవర్స్ 2లో ఈ శాతాల లెక్క నడవదు. అక్కడ ప్రతి శత్రువు ప్రతి అవయవానికీ ఒక కవచ స్థాయి, ప్రతి ఆయుధానికీ ఒక ఛేదన స్థాయి ఉంటాయి. ఛేదన ఎక్కువైతే దెబ్బ పూర్తిగా తగులుతుంది. రెండూ సమానమైతే సుమారు మూడింట రెండు వంతులు తగులుతుంది. తక్కువైతే సున్నా. ఆ సున్నాను వెయ్యి తూటాలతో గుణించినా సున్నాయే. కొత్తవారు చార్జర్ మొహాన మూడు మ్యాగజైన్లు కుమ్మరించి ఆటను తిట్టుకునేది ఇది తెలియకే.

నిజానికి ఉక్కు కూడా ఇలాగే ప్రవర్తిస్తుంది. తూటా ఫలకాన్ని తాకినప్పుడు దాని శక్తి అంతా ఒక చిన్న వృత్తం మీద పడుతుంది. అక్కడ పుట్టిన ఒత్తిడి లోహం భరించగలిగిన హద్దు దాటకపోతే ఫలకం కాస్త సొట్టపోయి నిలబడుతుంది. దాటితే రంధ్రం పడుతుంది. అందుకే తూటా బరువు కంటే వేగం ముఖ్యం. ఎనిమిది గ్రాముల పిస్టల్ తూటా సెకనుకు 360 మీటర్ల వేగంతో వెళితే దాని గతిజశక్తి సుమారు 520 జౌళ్లు. దాదాపు అంతే బరువున్న ఏకే తూటా సెకనుకు 715 మీటర్ల వేగంతో వెళ్లి 2,000 జౌళ్లు దాటుతుంది. వేగం రెట్టింపైతే శక్తి నాలుగింతలు. అయితే ఆటలో ఉన్నంత పదునైన గీత ప్రయోగశాలలో ఉండదు. ఒకే వేగంతో కాల్చిన తూటాల్లో కొన్ని దిగుతాయి, కొన్ని ఆగుతాయి. సగం దిగి సగం ఆగే వేగాన్ని నిపుణులు వీ50 అని పిలుస్తారు, కవచాలను పోల్చి చూడడానికి దాన్నే కొలబద్దగా వాడతారు.

ఆట చేసినవారు పట్టుకున్న మరో సూక్ష్మం కోణం. హెల్‌డైవర్స్ 2లో ఆయుధం ఛేదన స్థాయి ఒకే అంకె కాదు. సూటిగా తగిలితే ఒకటి, కాస్త ఏటవాలుగా తగిలితే ఇంకొకటి, బాగా పక్కవాటుగా తగిలితే మరొకటి. రెండో ప్రపంచ యుద్ధం నాటి సోవియట్ టీ-34 ట్యాంకు ముందు ఫలకం మందం 45 మిల్లీమీటర్లే. కానీ దాన్ని నిటారు నుంచి 60 డిగ్రీలు వెనక్కి వాల్చి అమర్చారు. ఎదురుగా వచ్చే గుండు ఆ ఉక్కులో ప్రయాణించాల్సిన దూరం 90 మిల్లీమీటర్లు అవుతుంది, పైగా జారిపోయే అవకాశం కూడా పెరుగుతుంది. చార్జర్ గుండ్రటి పెంకు చేసేదీ ఇదే. అది నేరుగా ఎదురుగా వచ్చేదాకా ఆగి కాల్చిన రాకెట్టు పని చేస్తుంది. కంగారులో పక్క నుంచి వదిలిన అదే రాకెట్టు పెంకును గీరుకుని కొండల్లోకి పోతుంది.

ఇంత బలమైన కవచం ఉన్నప్పుడు ఒళ్లంతా అంతే మందంగా కప్పుకోవచ్చు కదా అనే ప్రశ్న న్యాయమైనదే. కుదరదు. జర్మన్ల పాంథర్ ట్యాంకు ముందు భాగం 80 మిల్లీమీటర్ల ఉక్కు, అదీ 55 డిగ్రీల వాలుతో, అంటే అడ్డంగా కొలిస్తే దాదాపు 140. తొలినాళ్లలో పక్కల మీద ఉన్నది 40 మిల్లీమీటర్లే. అప్పటికే బండి బరువు 45 టన్నుల దరిదాపుల్లో ఉంది. నాలుగు వైపులా అంతే ఉక్కు తొడిగితే ఇంజను మోయలేదు, వంతెనలు ఆగవు. కాబట్టి శత్రువు ఎటు నుంచి కాలుస్తాడో ఊహించి అటువైపే ఉక్కు ఖర్చుపెట్టారు. ఆ ఊహను తారుమారు చేసి పక్కకో వెనక్కో చేరుకోవడమే ఎదుటివాడి పని. దుర్యోధనుడి ఒంట్లో తొడలు మెత్తగా మిగిలిపోవడానికి పురాణం ఒక కారణం చెప్పింది. ఇంజనీర్ల దగ్గరైతే బడ్జెట్టే కారణం.

బరువు సంగతి పక్కన పెట్టినా మూడు చోట్ల మూత వేయడం ఎవరి తరమూ కాదు. చూడాలంటే కన్ను తెరిచి ఉంచాలి, కదలాలంటే కీలు వదులుగా ఉండాలి, ఇంజను నడవాలంటే వేడి బయటికి పోవాలి. ఆటలో యంత్రాల పక్షాన హల్క్ అనే భారీ రోబో ఉంటుంది. ఒళ్లంతా ఇనుమే. మొహం మధ్యలో ఎర్రగా వెలిగే చిన్న కన్ను, వీపు మీద వేడి బయటికి వదిలే జాలీలు, ఈ రెండే సందులు. ఆ కంటికి కూడా మామూలు రైఫిల్ చాలదు. భారీ తూటాలు కాల్చే యాంటీ మెటీరియల్ రైఫిలో చిన్న ఫిరంగి లాంటి ఆటోకానన్నో అయితే రెండు గుళ్లతో కూలుతుంది. అది నడుస్తూ మంటలు చిమ్ముతుండగా అంత చిన్న కంటికి గురి కుదరదు కాబట్టి అనుభవజ్ఞులు ముందు స్టన్ గ్రెనేడు విసురుతారు. అది నిశ్చేష్టంగా నిలబడిన ఆ కొద్ది సెకన్లు చాలు. జట్టులో ఒకరు ఎదురుగా నిలిచి దాని చూపు కట్టేస్తే, రెండోవారు వెనక్కి చేరి జాలీల మీద కాల్చడం ఇంకో మార్గం. అక్కడ కవచం పలచన, మామూలు తుపాకులకూ పని దొరుకుతుంది.

వీపు జాలీల ఆలోచన ఆటవాళ్ల కల్పన కాదు. డీజిల్ ఇంజను ఇంధనంలోని శక్తిలో సగానికి పైగా వేడి రూపంలోనే పారబోస్తుంది. దాన్ని బయటికి పంపకుండా ఉక్కుతో మూస్తే శత్రువు అవసరం లేకుండానే ఇంజను మాడిపోతుంది. అందుకే ట్యాంకు వెనుక భాగం మీద గాలి ఆడే జాలీ తప్పనిసరి. 1939-40 శీతకాలంలో సోవియట్ ట్యాంకులు ఫిన్లాండ్ మీదికి వచ్చినప్పుడు, తగినన్ని ట్యాంకు విధ్వంసక తుపాకులు లేని ఫిన్ సైనికులు మంట సీసాలు పట్టుకుని అడవుల్లో పొంచి ఉండి సరిగ్గా ఆ జాలీల మీదికే విసిరారు. మొలొటోవ్ కాక్‌టెయిల్ అన్న పేరు ఆ యుద్ధంలోనే పుట్టింది.

మళ్లీ చార్జర్ దగ్గరికి వద్దాం, ఎందుకంటే దాన్ని ఆయుధం లేకుండానే సగం ఓడించవచ్చు. అది ఉరికి వచ్చేటప్పుడు చివరి క్షణం దాకా ఆగి పక్కకు దూకితే తిరగలేక ముందుకు దూసుకుపోతుంది. వెనుక బండరాయి ఉంటే దానికి గుద్దుకుని కాసేపు దిమ్మెరపోతుంది. పెద్ద ఒళ్లు కాబట్టి తిరగలేదని అనుకుంటాం. కానీ నేల మీద పరుగెత్తే దేన్నయినా మలుపు తిప్పేది కాళ్ల కింది ఘర్షణే. ఆ లెక్కలో ద్రవ్యరాశి రెండు వైపులా ఉండి కొట్టుకుపోతుంది. మలుపు వ్యాసార్ధం అంటే వేగం వర్గాన్ని ఘర్షణ గుణకంతోనూ గురుత్వ త్వరణంతోనూ భాగించడం, అంతే. ఘర్షణ గుణకం 0.6 అనుకుని, చార్జర్ సెకనుకు 10 మీటర్ల వేగంతో వస్తోందనుకుంటే అది తీసుకోగల అతి చిన్న మలుపుకు 17 మీటర్ల వ్యాసార్ధం కావాలి. సెకనుకు 5 మీటర్లతో పరుగెత్తే మనిషికి నాలుగున్నర మీటర్ల లోపే చాలు. చిరుతపులిని జింక తప్పించుకునేది ఈ తేడాతోనే.

పెద్ద ఒళ్లు దెబ్బతీసేది మరోచోట, ఉన్నచోటనే గిర్రున తిరగాల్సి వచ్చినప్పుడు. పోలికలు మార్చకుండా జంతువు పొడవు రెట్టింపు చేస్తే దాని కండరాలు తిప్పగల బలం ఎనిమిదింతలు అవుతుంది, కానీ తిరగకుండా మొండికేసే జడత్వం 32 ఇంతలవుతుంది. అందుకే దూకి తప్పించుకున్న తరువాత దాని వెనుక భాగం చాలాసేపు మన ముందు ఉంటుంది. తొందరపడి ముందే పక్కకు పరుగెత్తేవారికి ఈ లాభం దక్కదు. దారి సవరించుకునే వ్యవధి దానికి వాళ్లే ఇచ్చేస్తారు.

ఇక సూటిగా కవచాన్నే ఛేదించాలనుకుంటే భుజం మీంచి కాల్చే రీకాయిల్‌లెస్ రైఫిల్ ఉంది. ఇలాంటి ఆయుధాల గుండ్లలో ఎక్కువగా ఉండేది శంఖాకారపు పేలుడు పదార్థం. దీని మూలం ఒక విచిత్రమైన గమనిక. 1888లో చార్లెస్ మన్రో అనే అమెరికా రసాయన శాస్త్రవేత్త పేలుడు దిమ్మలను ఇనుప పలక మీద పెట్టి పేల్చాడు. దిమ్మ మీద లోతుగా చెక్కి ఉన్న అక్షరాలు అలాగే ఇనుములో అచ్చుపడ్డాయి. గుంట ఉన్నచోట పేలుడు బలహీనపడాల్సింది పోయి ఒకచోటికి కేంద్రీకృతమైందన్నమాట. ఆ గుంటను శంఖం ఆకారంలో చేసి లోపల పలుచటి రాగి తొడిగితే, పేలిన క్షణంలో రాగి నలిగి సన్నటి ఈటెలా ముందుకు చిమ్ముతుంది. దాని కొన సెకనుకు ఎనిమిది కిలోమీటర్లు దాటిన వేగంతో వెళుతుంది. అది ఉక్కును కరిగించి దిగుతుందని చాలామంది రాస్తుంటారు, నిజం కాదు. అక్కడి ఒత్తిడి ముందు ఉక్కు దృఢత్వం లెక్కలోకి రానంత చిన్నది, అందువల్ల గట్టిగా ఉంటూనే ద్రవంలా పక్కకు ఒత్తిగిలుతుంది. ఈ గుండు దూరం నుంచి వచ్చినా దగ్గర నుంచి వచ్చినా పని ఒకటే, ఎందుకంటే ఛేదించే శక్తి తగిలిన తరువాత పుడుతుంది.

ఈ ఈటెను చెదరగొట్టడానికే ఉక్కు పొరల మధ్య సిరామిక్ పెట్టే మిశ్రమ కవచాలు వచ్చాయి. మన అర్జున్ ట్యాంకుకు తొడిగిన అలాంటి కవచం హైదరాబాద్‌లోని రక్షణ లోహశాస్త్ర పరిశోధనశాలలో పుట్టింది. ఆ ప్రయోగశాల ఉన్న కంచన్‌బాగ్ పేరు మీదే దానికి కంచన్ అని పేరు పెట్టారు.

రీకాయిల్‌లెస్ రైఫిల్‌తో ఆటలోనూ బయటా ఉన్న చిక్కు ఒకటే, మళ్లీ నింపడానికి పట్టే సమయం. స్వీడన్‌లోనే పుట్టి, మన సైన్యం కూడా దశాబ్దాలుగా వాడుతున్న కార్ల్ గుస్తాఫ్‌ను ఇద్దరు కలిసి నడుపుతారు. ఒకరు కాలుస్తారు, రెండోవారు గుండు నింపుతారు. ఆటలోనూ గుండ్ల సంచి పక్కవాడి వీపున ఉంటే అతను నింపుతూ పోవచ్చు, వేగం ఎన్నో రెట్లు పెరుగుతుంది. విచిత్రమేమంటే చాలామంది ఆటగాళ్లు ఈ సదుపాయాన్ని ముట్టుకోరు. సంచి ఇంకొకరికి ఇచ్చి వాళ్ల పక్కనే ఉండాలంటే ఎవరికీ మనసొప్పదు కాబోలు.

ఆట విడుదలైన తొలి వారాల్లో కవచానికి విరుగుడుగా దాదాపు అందరూ ఒకే ఆయుధం మోసేవారు: విద్యుదయస్కాంత బలంతో గుండును విసిరే రైల్‌గన్. దాన్ని ప్రమాదకర స్థాయి దాకా చార్జ్ చేసి కాలిస్తే చార్జర్ పెంకు ఊడిపోయేది. మరీ ఎక్కువ చార్జ్ చేస్తే తుపాకీ చేతిలోనే పేలేది. 2024 మార్చి మొదటి వారంలో తయారీదారులు దాని బలం తగ్గించడంతో ఆటగాళ్లు భగ్గుమన్నారు. నా దృష్టిలో తప్పు రైల్‌గన్‌ది కాదు, దానికి ప్రత్యామ్నాయం లేకపోవడానిది. అదే నెలలో తలకు సరిగ్గా తగిలిన ఒక్క రాకెట్టుతో చార్జర్ చచ్చేలా సవరించారు. ఆ ఏడాది సెప్టెంబరులో వచ్చిన పెద్ద సవరణతో ట్యాంకు విధ్వంసక ఆయుధాలన్నీ బలపడ్డాయి.

ఆ తరువాత జట్లు పనులు పంచుకోవడం పెరిగింది. ఒకరు రాకెట్లు, ఒకరు ఆటోకానన్, మిగతా ఇద్దరు చిన్న పురుగుల గుంపులను ఊడ్చే తుపాకులు. పెద్దదాని మీద రాకెట్టు గురి చూస్తున్నవాడిని చంపేది చాలాసార్లు కాళ్ల దగ్గరికి చేరిన చిన్న పురుగే కాబట్టి ఆ చివరి ఇద్దరి పనే అన్నిటికంటే కష్టం.