ఫిల్టర్‌ను మరీ శుభ్రం చేయకండి

ఆదివారం పూట అక్వేరియం ఫిల్టర్ స్పాంజిని నల్లా కింద పెట్టి, మురికంతా పోయేదాకా పిండేవాళ్లు చాలామంది. పనిలో పనిగా నీళ్లు కూడా మొత్తం మార్చేస్తారు. తొట్టి తళతళలాడుతుంది. రెండు మూడు రోజులకు చేపలు పైకొచ్చి నోళ్లు తెరుస్తుంటాయి, ఆపైన ఒక్కొక్కటే చచ్చిపోతాయి. షాపువాడిని తిట్టి లాభం లేదు. పిండి పారబోసిన ఆ గోధుమరంగు జిగురే అసలు ఫిల్టర్!

చేపల మొప్పల నుంచి, కుళ్లిన మేత నుంచి నీళ్లలోకి అమ్మోనియా చేరుతుంది. అది చేపలకు విషం. స్పాంజిలో కాపురముండే ఒక రకం బ్యాక్టీరియా దాన్ని నైట్రైటుగా, ఇంకో రకం ఆ నైట్రైటును నైట్రేటుగా మారుస్తాయి. నైట్రైటూ విషమే. నైట్రేటు అంత ప్రమాదం కాదు, వారానికోసారి పావువంతు నీళ్లు మారిస్తే అదుపులో ఉంటుంది. రెండు పనులూ ఒంటిచేత్తో చేసే నైట్రోస్పైరా అనే బ్యాక్టీరియా జాతులున్నాయని శాస్త్రవేత్తలు తేల్చింది 2015లోనే. వాటిలో కొన్ని చేపల పెంపకానికి వాడే ఫిల్టర్‌లోనే దొరికాయి. చిక్కేమిటంటే ఈ ఫిల్టర్ బ్యాక్టీరియా చాలా నిదానంగా పెరుగుతాయి. పేగుల్లో ఉండే ఈ.కోలై బ్యాక్టీరియా అనుకూల పరిస్థితుల్లో 20 నిమిషాలకే రెట్టింపవుతుంది, వీటికి దాదాపు ఒక రోజో, ఇంకా ఎక్కువో కావాలి. కొత్త తొట్టి కుదురుకోవడానికి నెల పట్టేది అందుకే.

హైదరాబాద్‌లో కృష్ణా, గోదావరి, మంజీరా నీళ్లు నల్లాలోకి వచ్చేది క్లోరిన్ కలిశాకే. మనల్ని కాపాడే ఆ క్లోరిన్ స్పాంజిలోని బ్యాక్టీరియాను చంపుతుంది. అందుకని స్పాంజిని తొట్టిలోంచి తీసిన నీళ్లలోనే రెండుసార్లు ముంచి పిండితే చాలు. బోరు నీళ్లకు క్లోరిన్ బాధ లేదు గానీ, వాటి క్షారగుణం ఎక్కువైతే అమ్మోనియా విషం పెరుగుతుంది. క్షారగుణాన్ని చెప్పే పీహెచ్ కొలత 7 నుంచి 8కి వెళ్తే విషరూపంలో ఉండే అమ్మోనియా వాటా దాదాపు పదింతలవుతుంది.

ఎండాకాలంలో కరెంటు పోతే ఇంకో టెన్షన్. నీళ్లు వేడెక్కేకొద్దీ ఆక్సిజన్ తగ్గుతుంది. 25 డిగ్రీల దగ్గర లీటరుకు సుమారు 8 మిల్లీగ్రాములు కరిగితే, 32 దగ్గర సుమారు 7 మాత్రమే. మూత బిగించిన క్యానిస్టర్ ఫిల్టర్‌లో ప్రవాహం ఆగితే లోపలి బ్యాక్టీరియాకు ఊపిరాడదు. చాలా గంటలు ఆగిపోయుంటే, అందులోని నీళ్లు పారబోశాకే ఆన్ చేయాలి.

కరెంటు వచ్చాక మోటారు గుయ్యిమంటూ తిరగకపోతే, ప్లగ్గు తీసి ఇంపెల్లర్ (నీళ్లను తోసే చిన్న రెక్కల చక్రం) చూడండి. వెంట్రుకో, ఆకుముక్కో చుట్టుకుని ఉంటుంది. బోరు నీళ్ల గార పట్టుంటే కాసేపు వెనిగర్‌లో నానబెట్టి కడిగితే వదులుతుంది. లోపల గాలి చిక్కుకున్నా ఇదే మోత. ఫిల్టర్‌ను నీళ్లలోనే కాస్త వంచితే బుడగలు పోతాయి.

స్పాంజిని ఇప్పటికే నల్లా కింద కడిగేసి ఉంటే, ఒకటి రెండు రోజులు మేత ఆపి, ఆపైన కొద్దికొద్దిగా వేయండి. రోజూ పావువంతు నీళ్లు మార్చండి, అవి మాత్రం క్లోరిన్ పోగొట్టినవై ఉండాలి. చేపలు ఆరోగ్యంగా ఉన్న పక్కింటివాళ్ల తొట్టి నుంచి ఒక మురికి స్పాంజి ముక్క అడిగి తెచ్చి, ఆరిపోకముందే మీ ఫిల్టర్‌లో పెట్టేయండి.